సోఫీ కాల్ కళలో ఉత్తరం, వ్యాఖ్యానం, ఎదుటి మనిషి: ఒక పరిశీలన

వ్యాససంగ్రహం

ఫ్రెంచి కళాకారిణి సోఫీ కాల్ నాలుగు దశాబ్దాలకు పైగా పర్ఫార్మెన్స్, ఛాయాచిత్రం, వీడియో, ఇన్‌స్టలేషన్ మాధ్యమాలలో కృషి చేస్తున్నది. ఆమె కృతులలో అధికభాగం ఎవరో రాసినదాన్ని, ఎవరో వదిలివెళ్ళినదాన్ని చదవడం మీద ఆధారపడినవి. ‘దూలర్ ఎక్స్‌కీజ్’, ‘ప్రెనే స్వాఁ ద వూ’ అనే రెండు కృతులను ప్రధానంగా తీసుకొని, ఆమె పఠనపద్ధతిని, ఆ పఠనంలో మాట్లాడే అవకాశంలేని ఎదుటి మనిషి స్థితిని ఈ వ్యాసం పరిశీలిస్తుంది.

కీలకపదాలు: సోఫీ కాల్, పర్ఫార్మెన్స్ కళ, ఇన్‌స్టలేషన్, లేఖ, వ్యాఖ్యానం, విప్రలబ్ధ, సమ్మతి

1. ఉపోద్ఘాతం

సమకాలీన దృశ్యకళను గురించి తెలుగు పరిశోధన పత్రికలో రాయడానికి ఒక కారణం చూపవలసి ఉంటుంది. సోఫీ కాల్ విషయంలో ఆ కారణం సులభంగానే దొరుకుతుంది. ఆమె ప్రదర్శనశాల గోడల మీద ప్రధానంగా కనిపించేది అక్షరం. ఛాయాచిత్రాలు ఉంటాయి, వీడియో తెరలు ఉంటాయి, ఒక్కొక్కసారి మంచమో టెలిఫోనో ఉంటుంది. కాని వాటిని మాత్రమే చూసి ముందుకు సాగిపోయే ప్రేక్షకుడికి దక్కేది స్వల్పం. నిలబడి చదివితేనే ఆ కళ పూర్తవుతుంది. ఉత్తరం, దినచర్య, నిఘా నివేదిక, చిరునామా పుస్తకం, ఆత్మకథనం మొదలైన ఆమె సామగ్రి అంతా మనం సాహిత్యప్రక్రియలుగానో, సాహిత్యచరిత్రకు ఆకరాలుగానో పరిగణించేదే.

ఆమె 1953లో పారిస్‌లో జన్మించింది. 2007 వెనిస్ బియెనాలేలో ఫ్రాన్స్ దేశానికి ప్రాతినిధ్యం వహించింది. 2024లో జపాన్ ప్రదానం చేసే ప్రీమియం ఇంపీరియాలే పురస్కారాన్ని చిత్రలేఖన విభాగంలో అందుకుంది. కుంచె పట్టని కళాకారిణికి చిత్రలేఖన పురస్కారం లభించడం చూస్తే, ఆమెను ఏ గదిలో కూర్చోబెట్టాలో పురస్కార సంస్థలకు కూడా తెలియలేదనిపిస్తుంది. ఈ ఇబ్బంది విమర్శకులకూ ఉంది.

2. నియమమే మాధ్యమం

అమెరికన్ కళావిమర్శకురాలు రోజలిండ్ క్రౌస్ ఈ ఇబ్బందికి ఒక పరిష్కారం సూచించింది. చిత్రకారుడికి కాన్వాసు ఆధారమైనట్లు కాల్‌కు పరిశోధనాత్మక పాత్రికేయం ఆధారమని ఆమె ప్రతిపాదన. ఇందులో సత్యం లేకపోలేదు. కాల్ వెంబడిస్తుంది, విచారిస్తుంది, నమోదు చేస్తుంది. అయితే పాత్రికేయుడు తన విచారణను సమాచారం దొరకగానే ఆపుతాడు. కాల్ ముందుగా పెట్టుకున్న గడువు తీరినప్పుడు ఆపుతుంది. ఈ భేదం చిన్నది కాదు.

1979 ఏప్రిల్‌లో ఆమె తన పడకను ఇతరులకు అప్పగించింది. మిత్రులు, అపరిచితులు కలిపి ఇరవైకి పైగా మనుషులు ఒకరి తరువాత ఒకరు తలా ఎనిమిది గంటల చొప్పున వారం రోజులకు పైగా ఆ పడకలో నిద్రించారు. ఆమె పక్కన కూర్చుని ఛాయాచిత్రాలు తీసింది, వారి మాటలు రాసుకుంది. ఆ తరువాత, పారిస్ వీధుల్లో చూసి తప్పిపోయిన ఒక వ్యక్తి అదే సాయంత్రం ఒక కళాప్రదర్శన ప్రారంభసభలో ఆమెకు పరిచయమయ్యాడు. తాను వెనిస్ వెళ్తున్నానని మాటల్లో చెప్పాడు. ఆమె విగ్గు ధరించి, అతనికి తెలియకుండా ఆ నగరందాకా వెంబడించింది. ‘స్వీట్ వెనీసియెన్’ పేరుతో 1983లో వెలువడిన ఆ గ్రంథానికి తత్త్వవేత్త జాఁ బోద్రియార్ వ్యాసం అనుబంధంగా ఉంది. 1981లో ఆమె తన తల్లి ద్వారా ఒక ప్రైవేటు డిటెక్టివును నియమింపజేసి, తననే వెంబడించమంది. అతని నివేదికను, అదే రోజు తాను రాసుకున్న కథనాన్ని పక్కపక్కన ప్రదర్శించింది. డిటెక్టివుకు ఆమె ఒక లక్ష్యం. ఆమెకు ఆ రోజు తన నగరాన్ని ఒక అపరిచితుడికి చూపించే సందర్భం. రెండు కథనాలూ నిజమే, కాని రెండింటిలో ఉన్నది ఒకే రోజు అని నమ్మడం కష్టం.

ఈ కృతులన్నింటికీ సామాన్యమైనది నియమం. ఇన్ని గంటలు, ఇన్ని రోజులు, ఇన్ని ప్రశ్నలు అని ముందే నిర్ణయించుకొని, ఫలితం ఏదైనా దాన్ని దాటకుండా నడుచుకోవడం. తెలుగు పాఠకుడికి ఇక్కడ పాత్రికేయం కన్నా నోము దగ్గరగా తోస్తుంది. నోములో కోరిక ఎంత ముఖ్యమో లెక్క అంత ముఖ్యం. లెక్క తప్పితే నోము భంగమైనట్టే. కాల్‌కు దేవత లేదు, లెక్క మాత్రం ఉంది. అమెరికన్ నవలాకారుడు పాల్ ఆస్టర్ తన 1992 నాటి నవల ‘లెవియాథన్’లో ఆమెను పోలిన పాత్రను సృష్టించి, ఆ పాత్రకు కొన్ని కల్పిత నియమాలను కూడా చేర్చాడు. కాల్ ఆ కల్పిత నియమాలను తీసుకొని తానే ఆచరించింది. రోజుకొక రంగు ఆహారం మాత్రమే తినడం అందులో ఒకటి. పాత్ర రచయితనుంచి నియమాన్ని స్వీకరించిన ఈ ఉదంతం ముచ్చటైనదే కాని, అంతకుమించి చెప్పవలసినది అందులో ఎక్కువ లేదు.

ఎక్కువ చెప్పవలసినది 1981 నాటి ‘లోటెల్’ గురించి. ఆమె వెనిస్‌లో ఒక హోటల్లో మూడు వారాలపాటు గదులు శుభ్రంచేసే పనిమనిషిగా చేరింది. పక్కలు సవరిస్తూ అతిథుల సూట్‌కేసులు తెరిచి చూసింది, వారి ఉత్తరాలు, డైరీలు చదివింది, చెత్తబుట్టలు వెతికింది, ఛాయాచిత్రాలు తీసింది. గ్రంథంగా ఇది ఆకర్షణీయమైనది. ముడతపడిన దిండు, సగం రాసిన పోస్టుకార్డు చూసి మనుషులను ఊహించే క్రమం మంచి కథను చదివినట్టే ఉంటుంది. కాని ఈ కృతిని ప్రశంసించిన విమర్శలో ఒక ప్రశ్న తగినంతగా వినిపించదు. నిజమైన పనిమనిషి అతిథి సూట్‌కేసు తెరిస్తే దాన్ని దొంగతనమంటారు. ఆమె ఉద్యోగం పోతుంది, పోలీసులు వస్తారు. మూడు వారాల తరువాత ఆ వేషం విడిచి వెళ్ళగలిగిన స్త్రీ చేస్తే అది కళ. కాల్ తాను ధరించిన ఆప్రానును ఒక అనుమతిపత్రంగా వాడుకుంది. ఆ ఆప్రాను రోజూ ధరించేవారికి అది ఏ అనుమతినీ ఇవ్వదు. ఈ వర్గభేదాన్ని ‘లోటెల్’ ఎక్కడా గుర్తించదు.

3. న్యూఢిల్లీ, గది నంబరు 261

1984లో ఫ్రెంచి ప్రభుత్వ విదేశాంగ శాఖ ఆమెకు జపాన్‌లో మూడు నెలల అధ్యయనానికి వేతనం మంజూరు చేసింది. ఆమె ప్రేమించిన వ్యక్తికి అంత ఎడబాటు ఇష్టంలేదు. అక్టోబరు 25న ఆమె బయలుదేరింది. మాస్కో మీదుగా రైలులో సుదీర్ఘమైన దారిని ఎంచుకుంది. ప్రయాణం ముగిశాక ఇద్దరూ న్యూఢిల్లీలో కలుసుకోవాలని ఒప్పందం. 1985 జనవరి 25న ఆమె ఇంపీరియల్ హోటల్ 261వ నంబరు గదిలో ఎదురుచూస్తూ ఉండగా అతను రాలేదు. ప్రమాదం జరిగిందనీ, ఆసుపత్రి అనీ ఒక సందేశం మాత్రం వచ్చింది. గంటల తరబడి ప్రయత్నించి ఫోనులో అతణ్ణి పట్టుకుంటే తేలిందేమిటంటే, అతని వేలికి చీము పట్టింది, అంతే. అసలు విషయం వేరు. అతనికి మరో స్త్రీ పరిచయమైంది. ఆ రాత్రంతా ఆమె మంచం మీది ఎర్ర టెలిఫోనును చూస్తూ గడిపింది.

‘దూలర్ ఎక్స్‌కీజ్’ అనేది వైద్యపరిభాష. ఒక బిందువు దగ్గర, వేలు మోపితే అక్కడే అని చూపించగలిగిన తీవ్రమైన నొప్పి అని దాని అర్థం. కాల్ ఈ పదాన్ని అలంకారంగా వాడలేదు. కృతి నిర్మాణమంతా ఆ బిందువును చూపించడమే. మొదటి భాగంలో ప్రయాణపు ఛాయాచిత్రాలు, ఉత్తరాలు, టిక్కెట్లు ఉంటాయి. ప్రతిదాని మీద ఆ దుఃఖానికి ఇంకా ఎన్ని రోజులున్నాయో తెలిపే ఎర్రటి ముద్ర ఉంటుంది. తొంభైరెండు నుంచి ఒక్కొక్క అంకె తగ్గుతూ వస్తుంది. ప్రయాణంలో ఉన్న స్త్రీకి ఆ అంకెలు తెలియవు, చదివేవారికి తెలుసు. నాటకంలో పాత్రకు తెలియనిది ప్రేక్షకుడికి తెలిసినప్పుడు కలిగే ఒత్తిడి ఇక్కడ ఒక రబ్బరు ముద్రతో సాధ్యమైంది. గుడి ముందు తీసుకున్న మామూలు ఛాయాచిత్రం కూడా ఆ ముద్ర పడగానే భరించలేనిదవుతుంది.

ఢిల్లీ గదికి చేరిన తరువాత లెక్క తిరగబడుతుంది. ఫ్రాన్స్‌కు తిరిగివెళ్ళిన కాల్ తన మిత్రులను, తారసపడినవారిని ఒకే ప్రశ్న అడిగింది: మీరు అన్నిటికన్నా ఎక్కువగా బాధపడినది ఎప్పుడు? దానికి బదులుగా తన కథ చెప్పింది. తన కథ చెప్పీ చెప్పీ అరిగిపోయేదాకా, లేదా ఇతరుల బాధ ముందు తన బాధ చిన్నదయ్యేదాకా ఈ వినిమయం సాగాలన్నది నియమం. మూడు నెలలకు అది నెరవేరింది. కాని ఆ బాధ మళ్ళీ తిరగబెడుతుందేమోనన్న భయంతో ఆ సామగ్రిని దాదాపు పదిహేనేళ్ళపాటు ముట్టుకోలేదు. 2003లో పారిస్‌లోని పొంపిడూ కేంద్రంలో జరిగిన ఆమె పెద్ద ప్రదర్శనలో అది ముఖ్యభాగమైంది. గ్రంథం కూడా ఆ సంవత్సరమే వెలువడింది.

ఈ రెండో భాగమే, నా అభిప్రాయంలో, కాల్ రాసినవాటిలో ఉత్తమమైనది. వస్త్రం మీద దారంతో కుట్టిన కథనాలు జంటలుగా వేలాడుతుంటాయి. ఒక పక్క ఆమె కథ, దాని పైన ఎర్ర టెలిఫోను చిత్రం. మరో పక్క ఇంకొకరి కథ, దానికి వేరే చిత్రం. ఆమె కథనం ప్రతిసారీ ఎన్ని రోజుల క్రితమో చెబుతూ మొదలై, అదే గదిని, అదే ఫోనును, అదే వేలిని చెబుతుంది. మొదట్లో పొడుగ్గా, వివరంగా, కోపంగా ఉంటుంది. రోజులు గడిచేకొద్దీ పొట్టిదవుతుంది. ప్రేమించడమనే క్రియ వర్తమానం నుంచి భూతకాలానికి జరుగుతుంది. అక్షరాల దారం రంగు క్రమంగా వస్త్రం రంగులో కలిసిపోయి, చివరకు చదవడమే కష్టమవుతుంది. పక్కనున్న ఇతరుల కథల్లో ఆత్మీయుల మరణాలు, ఆత్మహత్యలు, చిన్ననాటి అవమానాలు ఉంటాయి. అవి మసకబారవు.

మన అలంకారశాస్త్రంలో ఈ సన్నివేశానికి పేరుంది. సంకేతస్థలానికి ప్రియుడు రాక వంచితురాలైన నాయిక విప్రలబ్ధ. ఢిల్లీ గదిలో కాల్ మొదట వాసకసజ్జిక, తెల్లవారేసరికి విప్రలబ్ధ. అష్టవిధ నాయికల పట్టికలో ఆమెను ఇలా కూర్చోబెట్టడం తేలికే కాని, అది ఆమె కృతిని వివరించదు. పట్టికలో ఇమడని అంశాలే ప్రయోజనకరమైనవి. సంప్రదాయంలో దూరదేశం వెళ్ళేది నాయకుడు. ఇక్కడ ప్రవాసం స్త్రీది, ఇంట్లో ఉండి మనసు మార్చుకున్నది పురుషుడు. రెండోది, విప్రలబ్ధ తన దుఃఖాన్ని సఖితో చెబుతుంది. సఖికి తన సొంత దుఃఖం ఉన్నట్టు కావ్యం ఎన్నడూ చెప్పదు. ఆమె వినడానికీ, ఓదార్చడానికీ, దూత్యానికీ ఉంది. కాల్ సఖిని కూడా అడిగింది. సఖి నోరు విప్పగానే నాయిక దుఃఖం పరిమాణం మారిపోయింది. విరహం అనంతమని చెప్పే కావ్యపరంపరలో పెరిగిన పాఠకుడికి, విరహం మూడు నెలల్లో అరిగిపోగలదని దారపు రంగుతో రుజువు చేసిన ఈ కృతి కొంత కలవరం కలిగిస్తుంది. నోముకు ఉద్యాపన ఉన్నట్టు దుఃఖానికీ ఉందని అది చూపుతుంది.

అయినా భారతీయ పాఠకుడిగా ఒక అభ్యంతరం చెప్పకుండా ముందుకు పోలేను. కాల్ పారిస్ నుంచి బయలుదేరిన ఆరు రోజులకు, 1984 అక్టోబరు 31న, ఇందిరాగాంధీ హత్య జరిగింది. ఆ తరువాతి రోజుల్లో ఢిల్లీలో సిక్కుల ఊచకోత జరిగింది. ప్రభుత్వ లెక్క ప్రకారమే ఆ నగరంలో చనిపోయినవారు 2,733 మంది. కాల్ ఆ గదిలో దిగేనాటికి మూడు నెలలు కూడా నిండలేదు. ఎక్కువగా బాధపడినది ఎప్పుడు అన్న ప్రశ్నకు ఆ నగరంలో హోటల్ ద్వారం దాటగానే సమాధానాలు ఉన్నాయి. తన బాధను సాపేక్షం చేసుకోవడానికి పారిస్‌దాకా వెళ్ళి మిత్రులను అడిగిన కృతిలో, బాధ తగిలిన నగరం ఒక గదిగా, ఒక టెలిఫోనుగా మాత్రమే మిగిలింది. వ్యక్తిగతమైన పతనంలో ఉన్న మనిషి నగరచరిత్రను పట్టించుకోవాలని ఆ రాత్రి విషయంలో ఎవరూ కోరరు. పదిహేనేళ్ళ తరువాత ఆ సామగ్రిని తిరిగి తెరిచి కూర్చిన కళాకారిణి విషయంలో కోరవచ్చు.

4. నూటయేడుగురు వ్యాఖ్యాతలు

రెండు దశాబ్దాల తరువాత అదే సన్నివేశం మరో రూపంలో ఎదురైంది. ఆమెతో సంబంధాన్ని తెంచుకుంటూ ఒక పురుషుడు ఈమెయిల్ పంపాడు. ఆ ఉత్తరంలోని చివరి మాటలే కృతికి పేరయ్యాయి: ‘ప్రెనే స్వాఁ ద వూ’. ఆమె ఆ ఉత్తరాన్ని నూటయేడుగురు స్త్రీలకు ఇచ్చి, మీ మీ వృత్తిధర్మాన్నిబట్టి దీన్ని చదవమంది. ఆ లెక్కలో రెండు తోలుబొమ్మల వంటి ఆటబొమ్మలు, ఒక చిలుక కూడా ఉన్నాయి. 2007 వెనిస్ బియెనాలేలో ఫ్రెంచి పెవిలియన్‌లో వారి ఛాయాచిత్రాలు, రాతలు, వీడియోలు ప్రదర్శితమయ్యాయి. ఆ ప్రదర్శనకు నిర్వాహకుడు కావాలని ఆమె పత్రికాప్రకటన ఇస్తే, ప్రసిద్ధ కళాకారుడు దానియెల్ బ్యూరెన్ దరఖాస్తు చేసుకొని ఆ పని చేశాడు. 2008లో ఈ కృతి పారిస్‌లోని ఫ్రెంచి జాతీయ గ్రంథాలయం పాత భవనంలో, లాబ్రూస్త్ పఠనమందిరంలో ప్రదర్శితమైంది. చదవడాన్ని గురించిన కృతికి అంతకన్నా తగిన చోటు దొరకదు.

పేరు దగ్గరే అనువాద సమస్య ఉంది. ఇంగ్లీషులో ఈ కృతి పేరు చదివినవారికి ఆ ప్రేమికులు ఒకరినొకరు ఎలా పిలుచుకున్నారో తెలియదు. ఫ్రెంచిలో ‘వూ’ అనేది మన ‘మీరు’. పడక పంచుకున్న మనుషులు ఉత్తరంలో మీరు అని సంబోధించుకోవడం ఆ ఉత్తరపు స్వభావాన్నే నిర్ణయిస్తుంది. అది గౌరవమా, విలాసమా, దూరమా అన్నది మొదటి పంక్తినుంచే పాఠకుడు తేల్చుకోవలసి ఉంటుంది. తెలుగులో ఈ సౌకర్యం మనకుంది. ‘మీ ఆరోగ్యం జాగ్రత్త’ అని ముగిసే ఉత్తరాలు మన ఇళ్ళలో ఎన్నో. కాని తెలుగులో ‘జాగ్రత్త’ అన్నమాటకు మూలంలో లేని మరో అంచు కూడా ఉంది. ఆప్యాయంగా అంటే సెలవు, వేలు చూపించి అంటే హెచ్చరిక. ‘జాగ్రత్తగా ఉండండి’ అని ఈ కృతి పేరును అనువదిస్తే, పంపినవాడి మాట కాస్తా పుచ్చుకున్న ఆమె చేతిలో హెచ్చరికగా మారిన తీరు, అంటే కృతి చేసిన పని అంతా, ఆ ఒక్క మాటలో పడుతుంది. అనువాదంలో అరుదుగా దొరికే లాభం ఇది.

ఇక వ్యాఖ్యానాలు. ప్రూఫ్ దిద్దే ఆమె పునరుక్తులను, వాక్యదోషాలను గుర్తించింది. న్యాయవాది మోసానికి సంబంధించిన చట్టపరిభాషలోకి ఉత్తరాన్ని మార్చింది. మనోవిశ్లేషకురాలు, నేరశాస్త్ర నిపుణురాలు రాసినవారి స్వభావాన్ని అంచనా కట్టారు. తుపాకి గురిలో విజేత అయిన స్త్రీ ఉత్తరంలోని ప్రేమ అనే మాటను గురిచూసి కాల్చింది. జాన్ మొరో వంటి నటీమణులు చదివారు. లారీ అండర్సన్ వంటి గాయనులు తమ పద్ధతిలో అందుకున్నారు. ఉత్తరం బ్రెయిల్ లిపిలోకి, మోర్స్ సంకేతాల్లోకి, షార్ట్‌హ్యాండ్‌లోకి వెళ్ళింది. ఒక భరతనాట్య కళాకారిణి అభినయించింది. చిలుక కాగితాన్ని కొరికి ముక్కలు చేసింది.

ఒకే శ్లోకాన్ని వైయాకరణుడు, మీమాంసకుడు, నైయాయికుడు తమతమ శాస్త్రాలతో చదివే పద్ధతి మనకు కొత్తది కాదు. పదవాక్యప్రమాణజ్ఞుడు అన్న బిరుదే ఆ మూడు చదువుల కలయికను సూచిస్తుంది. మల్లినాథసూరి కావ్యాన్ని ముందుపెట్టుకున్నప్పుడు ఆయన దృష్టి అన్వయం మీద, అర్థం మీద, అలంకారం మీద ఉంటుంది. కవి మంచివాడా కాదా అన్నది ఆయనకు పట్టని సంగతి. ‘ప్రెనే స్వాఁ ద వూ’లోని వ్యాఖ్యాతలను ఈ దృష్టితో విభజిస్తే రెండు జాతులు కనిపిస్తాయి. ఉత్తరాన్ని చదివినవారు కొందరు, ఉత్తరం రాసినవాణ్ణి చదివినవారు కొందరు. మొదటివారు తక్కువ, రెండోవారు ఎక్కువ. పెవిలియన్‌లో నడుస్తున్న ప్రేక్షకుడికి కొంతసేపటికి బహుళార్థాల సంపద బదులు ఒకే తీర్పు నూటయేడు భాషల్లో వినిపిస్తున్నట్టు తోచడానికి కారణం ఇదే. నిపుణత అనే ముసుగులో స్నేహం మాట్లాడుతున్నది. మిత్రురాలి పక్షాన నిలబడటం మంచిదే, కాని దాన్ని పఠనవైవిధ్యమని ప్రశంసించడం విమర్శకులు చేసిన పొరపాటు.

దానికి భిన్నంగా ఉత్తరాన్నే చదివినవారి దగ్గర కృతి ఒక్కసారిగా లోతెక్కుతుంది. ప్రూఫ్ దిద్దే ఆమె దోషం దగ్గర దోషమని రాసి ఊరుకుంది. రాసినవాడి సంకోచం ఏ వాక్యంలో తడబడిందో ఆ గుర్తులే చెబుతాయి. షార్ట్‌హ్యాండ్‌లో, సంకేతలిపిలో ఆ ఉత్తరం ఎవరినీ నిందించదు, ఎవరినీ కాపాడదు. అభినయంలో సంచారిభావాలకు చోటుంది కనుక, నిందతో పాటు జ్ఞాపకానికీ మోహానికీ అక్కడ అవకాశం ఉంది. చిలుక సంగతి సరేసరి. దానికి కాగితం కాగితమే. ఈ కృతిలో అత్యంత నిష్పక్షపాతమైన పఠనం దానిదని అనడం పరిహాసం కోసం కాదు.

కాల్ తల్లి కూడా ఆ నూటయేడుగురిలో ఉంది. విడిపోవడం, విడిచివేయబడటం లోకంలో ఉన్నదేననీ, నీకిది కొత్త కృతికి ఊట కావచ్చుననీ సారాంశం వచ్చేలా ఆమె రాసింది. అంతమంది నిపుణులలో కృతి రహస్యాన్ని పట్టుకున్నది ఆమె.

5. ఎదుటి మనిషి

ఉత్తరం రాసినవారి పేరు కృతిలో లేదు. అతను రచయిత గ్రెగ్వార్ బుయ్యే అన్నది తరువాత బహిరంగమైన విషయమే. తన పుట్టినరోజు విందులకు కాల్ చాలా ఏళ్ళపాటు వయసుకు తగినంతమంది అతిథులను, వారితో పాటు ఎవరికీ తెలియని ఒకరిని పిలిచేది. అలాంటి అపరిచిత అతిథిగా వెళ్ళిన అనుభవాన్ని బుయ్యే ‘లాంవితే మిస్తేర్’ పేరుతో 2004లోనే గ్రంథంగా ప్రచురించాడు. కనుక ఇక్కడ ఎదుటి మనిషి నోరులేనివాడు కాడు. ఆమెను ముందుగా పాత్రను చేసినవాడు, తన వంతుగా పాత్ర అయ్యాడు. ఇద్దరి చేతుల్లోనూ కలం ఉంది.

1983 నాటి ‘చిరునామా పుస్తకం’ విషయంలో అలా చెప్పడానికి వీలులేదు. పారిస్ వీధిలో ఆమెకు ఒక చిరునామా పుస్తకం దొరికింది. దాన్ని ఫోటోకాపీ తీసుకొని, పేరు చెప్పకుండా యజమానికి తిరిగి పంపింది. ఆ తరువాత అందులో ఉన్నవారిని ఒక్కొక్కరినే కలిసి, అతనెలాంటివాడో చెప్పమని అడిగింది. ఆ సంభాషణలు ‘లిబెరాసియోఁ’ దినపత్రికలో 28 భాగాలుగా వెలువడ్డాయి. ఆ సమయంలో ఊళ్ళో లేని యజమాని తిరిగివచ్చి, తన జీవితం పత్రికలో ధారావాహికగా నడుస్తున్నదని తెలుసుకున్నాడు. వ్యక్తిగత జీవితంలోకి చొరబాటని తీవ్రంగా నిరసించాడు, న్యాయస్థానానికి వెళ్తానని హెచ్చరించాడు. అతను జీవించి ఉన్నంతకాలం తిరిగి ప్రచురించనని కాల్ అంగీకరించింది. అతని మరణానంతరం, 2012లో, అది ఇంగ్లీషులో గ్రంథంగా వెలువడింది.

హాజరులో లేని వ్యక్తి చిత్రాన్ని ఇతరుల మాటలతో కూర్చడం నవలాశిల్పంగా ఎంత బాగున్నా, ఈ కృతిని సమర్థించడం నాకు సాధ్యం కాదు. అయితే దాన్ని ఖండించి చేతులు దులుపుకోవడం కూడా సాహిత్యపరిశోధకులకు సాధ్యం కాదు. మనిషి మరణించేదాకా ఆగి ప్రచురించడమన్న కాల్ ఒప్పందం మన పరిశోధనలో నిత్యం పాటించే ప్రమాణమే కదా. గురజాడ డైరీలను, చలం ఉత్తరాలను మనం చదువుతాం, ఉటంకిస్తాం, వాటి మీద సిద్ధాంతవ్యాసాలు రాయిస్తాం. ఆ డైరీలలో, ఆ ఉత్తరాలలో పేరు వచ్చిన ఇతరుల సమ్మతిని ఎవరు అడిగారు? రచయిత అనుమతి ఉన్నా, ఉత్తరంలో ప్రస్తావనకు వచ్చిన మూడో మనిషి అనుమతి ఎన్నడూ ఉండదు. మరణం అభ్యంతరం చెప్పే నోటిని మాత్రమే మూస్తుంది, అభ్యంతరాన్ని తీర్చదు. కాల్ చేసింది మన పద్ధతినే, మన ఓపిక లేకుండా. పరిశోధనలో ఆకరాల వినియోగానికి నైతిక నియమావళిని రూపొందించుకునే చర్చ మన విశ్వవిద్యాలయ శాఖల్లో ఇప్పటికీ బలహీనంగానే ఉంది కనుక ఈ ఫ్రెంచి వివాదం మనకు దూరపు సంగతి కాదు.

ఎదుటి మనిషికి సమానమైన ఆయుధం దొరికితే ఏమవుతుందో ఆమె వీడియో కృతి ఒకటి చూపిస్తుంది. 1992లో గ్రెగ్ షెపర్డ్‌తో కలిసి న్యూయార్క్ నుంచి కాలిఫోర్నియాకు కారులో వెళ్తూ, ఇద్దరూ చెరొక వీడియో కెమెరా పట్టుకున్నారు. ఒకరితో ఒకరు చెప్పుకోలేనిది కెమెరాకు చెప్పుకున్నారు. మధ్యలో లాస్‌వేగాస్‌లో పెళ్ళి కూడా చేసుకున్నారు. ఒకే మౌనానికి రెండు వ్యాఖ్యానాలు ఇక్కడ పక్కపక్కన నడుస్తాయి. ఇందులో ఎవరూ గెలవరు, కాల్ కృతుల్లో ఇది అరుదు. 2011లో ఇస్తాంబుల్‌లో తీసిన ‘వ్వార్ లా మేర్’ వీడియోలలో పద్ధతి మరింత మెత్తబడింది. సముద్రం పక్కనే ఉన్న నగరంలో నివసిస్తూ సముద్రాన్ని ఎన్నడూ చూడనివారిని ఆమె తీరానికి తీసుకువెళ్ళింది. కెమెరా వారి వెనుక నిలబడింది. తొలిసారి సముద్రాన్ని చూస్తున్న కళ్ళు మనకు కనిపించవు. తమకు తోచినప్పుడు వారే వెనుదిరిగి కెమెరావైపు చూస్తారు. ఎంతసేపటికి తిరగాలన్నది వారి ఇష్టం. వెనిస్ వీధుల్లో తెలియకుండా ఒక వ్యక్తి వీపును ఛాయాచిత్రం తీసిన కళాకారిణి, ముప్ఫై ఏళ్ళ తరువాత మనుషుల వీపులనే చిత్రీకరిస్తూ, తిరిగి చూసే హక్కును వారికి ఇచ్చింది.

6. తల్లి

2007లో వెనిస్‌లో ‘ప్రెనే స్వాఁ ద వూ’తో పాటు మరొక చిన్న వీడియో కూడా వేరొక భవనంలో ప్రదర్శితమైంది. దాని పేరుకు మరణాన్ని పట్టుకోలేకపోయాను అని అర్థం చెప్పుకోవచ్చు. కాల్ తల్లి 2006లో మరణించింది. తాను పక్కన లేని క్షణంలో తల్లి చివరిమాట ఏదైనా అంటుందేమో, అది తనకు దక్కకుండా పోతుందేమోనన్న భయంతో ఆమె మంచం దగ్గర కెమెరా అమర్చింది. తల్లి అభ్యంతరం చెప్పలేదు. సరికదా, కూతురి కృతుల్లో తనకు ఇంతకాలానికి చోటు దొరికిందని సంతోషించింది. కాల్ వెంబడించిన మనుషులందరిలో కెమెరాను ఇలా స్వాగతించినవారు మరొకరు లేరు.

వీడియోలో మంచం, నిశ్చలమైన ముఖం, ముక్కు దగ్గర ఊపిరిని, మెడ దగ్గర నాడిని వెతికే చేతులు ఉంటాయి. చివరిమాట వినిపించదు. ఏ క్షణంలో ప్రాణం పోయిందో పక్కనున్నవారు తేల్చుకోలేకపోయారు. కెమెరా కూడా తేల్చలేదు. మళ్ళీ చూస్తే దొరుకుతుందేమోనని ప్రేక్షకుడు రెండోసారి చూస్తాడు, అదే ముఖం, అవే చేతులు. 2012లో ఆవిన్యోఁ నాటకోత్సవంలో, సెలెస్తాఁ చర్చిలో, తల్లి వదిలివెళ్ళిన డైరీలను కాల్ అంతకుముందు చదవకుండా ఉంచి, వచ్చినవారి ఎదుట మొదటిసారి గట్టిగా చదివింది.